అమరావతి చేతి కూడు

ఈరమ్మ నోట్లో పడిన మనిషి ఊళ్లో తలెత్తుకుని తిరగడం కష్టం. అమరావతి నోట్లో పడినా అంతే. ఆ ఇద్దరినీ అత్తాకోడళ్లను చేసి ఒకే కప్పు కింద పడేసిన దేవుడికి ఏ పాపం చుట్టుకుంటుందో గానీ, పెద్దపంజాణికీ పుంగనూరుకూ మధ్యనున్న ఆ పల్లెకి మాత్రం పదేళ్లుగా కాలక్షేపానికి లోటు లేదు.

ఇల్లు ఒకటే. నడిమిన గోడ లేచింది. గోడకి ఇటు అమరావతి, ఆమె మొగుడు వెంకటముని, కూతురు అనూష. అటు ఈరమ్మ, చిన్నకొడుకు మునిరాజ కుటుంబం. పొయ్యిలు రెండు, నీళ్ల బిందెలు రెండు, చివరికి పసుపు కుంకాల భరిణెలు కూడా రెండు. అత్తాకోడళ్లు వేరు పడటం లోకంలో కొత్త కాదు. కానీ ఈరమ్మ వేరు పడింది కోడలి నోటికి జడిసి కాదు, కోడలి చేతికి జడిసి. ఆ చేత్తో ఇచ్చిన మంచినీళ్లు కూడా ఆమె ముట్టదు.

వెంకటముని మిలిటరీలో నాయక్‌గా చేశాడు. కాశ్మీరం పక్క మంచు కొండల మీద అతని ఆఖరి పోస్టు. సెలవు ముగించుకుని పోయినవాడు ఏడాది పైన ఆ మంచులోనే ఉండిపోయాడు. ఒకనాడు కోటు లేకుండా, బూట్లు లేకుండా బయటికి నడిచి, శత్రువులు తన తలలో మాట్లాడుతున్నారని కేకలు పెట్టాడు. కిందికి దించి ఆస్పత్రుల్లో తిప్పి, చివరికి ఇంటికి పంపించారు. పంపిస్తూ డాక్టర్ల బోర్డు ఒక మాట రాసింది. ఈ జబ్బు ఉద్యోగం వల్ల వచ్చింది కాదు, ఉద్యోగం వల్ల ముదిరిందీ కాదు, మనిషి స్వభావంలోనే ఉన్నది, వంశంలో ఉంటే ఉండవచ్చు.

చల్లగా కూర్చుని రాసినవాళ్లకి అది ఒక వాక్యం. పల్లెలో అది నిప్పు. మిలిటరీలో రాలేదంటే ఇంట్లో వచ్చిందని అర్థం. ఇంట్లో ఎవరి వల్ల వచ్చింది? ఈరమ్మ ఆ లెక్క తేల్చడానికి అరగంట కూడా తీసుకోలేదు.

“మా వంశంలో పిచ్చోళ్లు లేరు. మరి ఇంగెవురుండారు ఇంట్లో? అదే మందు పెట్టింది,” అంది.

పెట్టుడుమందు అంటే ఆ పక్క పసిపిల్లకి కూడా తెలుసు. మొగుణ్ణి కొంగుకి ముడేసుకోవడానికి పెళ్లాం కూట్లో కలిపి పెడుతుందట. మోతాదు మించితే మనిషికి మతి చలిస్తుందట. చేతిలో సెల్‌ఫోను పెట్టుకుని ప్రపంచాన్నంతా చూసేవాళ్లు కూడా ఈ మాట దగ్గరికి వచ్చేసరికి గొంతు తగ్గించి తలూపుతారు. ఈరమ్మ దానికి కథ కూడా కట్టింది. ఆ ఆఖరి సెలవులో అమరావతి అనూషని కనడానికి పుట్టినూరు సోమలకి పోయి ఉండింది. వెంకటముని తిరిగి పోయే ముందురోజు ఆమె పసిబిడ్డతో సహా వచ్చి, తన చేత్తో ఓళిగలు, అదే బొబ్బట్లు, కాల్చి మొగుడికి పెట్టిందట. మందు ఆ ఓళిగల్లోనే ఉందట.

“నేను రానే లేదు,” అని అమరావతి వెయ్యిసార్లు చెప్పింది. చెబితే వినేదెవరు? సాక్ష్యం చెప్పాల్సిన మొగుడు మిద్దె మీద కూర్చుని లేని శత్రువులకి కాపలా కాస్తున్నాడు. పుట్టింటివాళ్లు చెబితే కూతురి తరఫు మాట అంటారు. ఈరమ్మకి మాత్రం చెప్పగా చెప్పగా ఆ ఓళిగల వాసన కూడా ముక్కుకి తగిలేది. అబద్ధమని తెలిసి చెప్పేవాళ్లతో వేగవచ్చు, తాము చెప్పింది తామే నమ్మేవాళ్లతో ఎవరూ వేగలేరు.

ఆ మాట అమరావతికి ఎక్కడ తగలాలో అక్కడే తగిలింది. పెళ్లిళ్లలో ఆడవాళ్లంతా చేరి కూరగాయలు తరిగే చోట ఆమెకి కత్తిపీట ఇవ్వరు. సంగటి కలిపే చోట ఆమె తెడ్డు పట్టుకుంటే ఎవరో ఒకరు నవ్వుతూనే లాక్కుంటారు. ఆ ఊరి బడిలో మధ్యాహ్న భోజనం వండే పని దొరికిందంటే, అది మదనపల్లె నుంచి వచ్చే హెడ్మాస్టరమ్మకి ఇలాంటి మాటల మీద నమ్మకం లేకపోబట్టే. పిల్లలు ఆమె వండింది తిని, గిన్నెలు నాకి, ఇంకొంచెం వెయ్యమని చేతులు చాచేవాళ్లు. ఆ ఒక్క పూట కోసమే ఆమె మిగతా రోజంతా బతికేది.

పెన్షన్ కోసమే ఆమె కోర్టుకెక్కిందని ఊరనుకుంది. పెన్షన్ వద్దంటే ఆమె మనిషి కాదు, కావాల్సిందే. కానీ డాక్టర్లు రాసిన ఆ వాక్యాన్ని కొట్టేసి, ఈ జబ్బు ఆ మంచులో, ఆ డ్యూటీలో వచ్చిందని సర్కారు నోటితోనే చెప్పించాలని ఆమె పంతం. అది చెప్తే తన చెయ్యి శుభ్రం. అందుకే మదనపల్లెలో సుబ్బరాయుడనే వకీలుని పట్టుకుని హైకోర్టులో పిటిషను వేయించింది.

నాలుగేళ్లకి సుబ్బరాయుడు పిలిపించాడు. ఆఫీసు బెంచీ మీద అప్పటికే ఆమె ఊరివాడే ముద్దుకృష్ణ, గట్టు తగాదా కోసం వచ్చి కూర్చుని ఉన్నాడు.

“అమ్మా, జడ్జిగారు మన కేసు చూసి ఒకటే అడిగినారంట. మిలిటరీవాళ్ల సర్వీసు గొడవలకి వేరే ట్రిబ్యునల్ ఉండాది కదా, ఈడికి యాల వచ్చినారు అని. మనం పిటిషను వాపసు తీసుకోవాల,” అన్నాడు సుబ్బరాయుడు.

అంతలో ముద్దుకృష్ణకి ఫోను వచ్చింది. లేచి బయటికి పోయినవాడు మళ్లీ లోపలికి రాలేదు.

“వాపసా?” అమరావతి గొంతుకి పక్క గదిలో గుమాస్తా తల ఎత్తాడు. “నాలుగేండ్లు కూసోబెట్టి ఇప్పుడు వాపసంటాండావా సార్? వేరే ఉండాదని ఆ పొద్దు తెలీదా నీకు?”

“తెలుసు. హైకోర్టు కూడా వింటుందిలే అనుకుంటి. తప్పు నాదే అనుకో. పుంగనూరు బస్సెక్కి కుప్పానికి టికెట్ అడిగినట్టయింది. దిగి బస్సు మారాల, అంతే. ట్రిబ్యునల్‌కి పోయేదానికి కోర్టు అనుమతి అడిగే వాపసు తీసుకుంటాము. ప్రయాణం మానుకున్నట్టు కాదు.”

“దిగితే ఊరికి దిగినట్టే కనపడుతుంది సార్. నేనే మందు పెట్నానని ఒప్పుకున్నట్టు ఉంటాది.”

“మందేందమ్మా?”

మదనపల్లెలో చదువుకున్నవాడికి ఆ సంగతి చెప్పాలంటే ఆమెకి సిగ్గేసింది, సిగ్గు వెంటనే కోపమైంది. “నీకెందుకులే. నువ్వే మా ఊరికొచ్చి, ఇది ఓటమి కాదని మా అత్తకి సెప్పిపో. సెప్తేనే సంతకం పెడతా.”

సుబ్బరాయుడు ఆమె అత్త గురించి ఎక్కడో విని ఉన్నాడు కాబోలు, రానన్నాడు. వాపసు తీసుకోకపోయినా ఈ పిటిషను అక్కడ ఎలాగూ నిలవదని, కొట్టేస్తే ఇంకా చెడ్డపేరని మాత్రం మెల్లగా చెప్పాడు. ఆమె పెన్ను విరిగేలా నొక్కి సంతకం పెట్టింది. చెన్నై ట్రిబ్యునల్‌లో వాదించే శాలిని అనే లాయరమ్మ ఆదివారాలు కుప్పంలో పుట్టింటికి వస్తుందని, ఆమెను కలవమని చీటీ రాసిచ్చాడు. ఆ చీటీని పైటకొంగులో ముడేసుకుని ఆమె బస్సెక్కింది.

బస్సు కన్నా ముద్దుకృష్ణ మోటారుబైకు ముందు చేరింది. అతను విన్నది ‘వాపసు’ వరకే. మిగతాది వినాలనే ఓపిక ఎవరికుంటుంది? ఆ ఊరికి తెలిసిన వాపసులు రెండే రకాలు. ఎదుటివాడి దగ్గర మూట ముట్టి కేసు వదులుకునేవాడు ఒకడు. తప్పు తనదేనని లోపల తెలిసి, జడ్జి ముందు అబద్ధం నిలబడదని జారుకునేవాడు ఇంకొకడు. మిలిటరీవాళ్లు అమరావతికి మూట ఇవ్వరు కదా. ఇక మిగిలింది రెండోదే.

మరునాడు పొద్దున ఆమె పాలచెంబుతో పాలకేంద్రానికి పోయింది. ఆ కేంద్రం నడిపేది మరిది మునిరాజే. వరసలో ఉన్నవాళ్లు పక్కకి జరిగారు. అది మర్యాద కోసం కాదు.

“నీ పాలు వేరే క్యాన్లో పోస్తా వదినా,” అన్నాడు మునిరాజ, ఆమె మొహం చూడకుండా. “నేనొద్దన్లేదు. జనం అంటాండారు.”

“పాలు పిండేది నేను గానీ ఇచ్చేది ఆవు మునిరాజా. దాన్ని కూడా కేసులో ఇరికిస్తివా?”

“కేసు నువ్వే ఇడిస్తివి గదా. నిజముంటే యాల ఇడుస్తావు?”

“ఇడవలేదు. కోర్టు మారినాను.”

“ఔనౌ,” అంటూ ఈరమ్మ మెట్టు మీద నుంచి అందుకుంది. “ఆ కోర్టు కాదని ఈ కోర్టు, ఈ కోర్టు కాదని ఇంగో కోర్టు. కూట్లో మందు కలిపేదానికి కోర్టులు సాలవు మే. ఎముడి కోర్టే గతి.”

“నువ్వు పోయి సీటు పట్టుకో అత్తా, ఎనక నేనొస్తా,” అని అమరావతి చెంబులోని పాలు కాలవలో కుమ్మరించి వచ్చేసింది. గెలిచినట్టే వచ్చింది గానీ ఇంట్లోకి పోయాక ఖాళీ చెంబు బోర్లించి, ఆ పూట పోయిన పాలడబ్బులు లెక్కేసుకుంది.

గోరుచుట్టు మీద రోకటిపోటు లాగా ఆ వారమే బడి పని కూడా పోయింది. తల్లులు కొందరు గేటు దగ్గర చేరి, పిల్లలకి ఇంటి నుంచే క్యారియర్లు పంపుతామన్నారు. హెడ్మాస్టరమ్మ రెండు రోజులు వాళ్లతో పోట్లాడింది. మూడో రోజు అమరావతి వండిన అన్నం గంపెడు మిగిలిపోయింది. “నేను నమ్మను అమరావతమ్మా, కానీ పిల్లలు తినకపోతే నేనేం చెయ్యాల?” అంది. అమరావతి తెడ్డు కడిగి, బోర్లించి, ఆమెను కూడా నాలుగు తిట్టి వచ్చేసింది. ఆ తిట్లు ఆ అమ్మకి తగవని అమరావతికీ తెలుసు. అయినా తిట్టింది.

ఆదివారం కుప్పం పోయింది. రైల్వేస్టేషన్ దగ్గర్లో మిద్దె మీద గది. శాలిని వయసులో చిన్నది, మాట పొదుపు. కాగితాలన్నీ చూసింది.

“మిలిటరీలో చేర్చుకునేటప్పుడు డాక్టర్లు చూసే చేర్చుకున్నారు. అప్పుడు జబ్బు లేదు. ఇన్నేండ్లు చేసినాక వచ్చింది. అది డ్యూటీ వల్ల కాదని చూపించాల్సింది వాళ్లు. వాళ్లకుండేది ఒకటే సాకు, వంశంలో ఉండొచ్చు అని. ఆ సాకు కొట్టాలంటే వాళ్లమ్మ దగ్గర ప్రమాణపత్రం కావాల. మా ఇంట్లో ఎవురికీ లేదు, పోయేటప్పుడు నా కొడుకు బాగుండాడు అని.”

“మా అత్తా? మేడమ్, ఆమె ఏలిముద్ర కాగితం మీద కన్నా నా గొంతు మీద ముందేస్తుంది.”

“తీసుకురా. మిగిలింది నేను చూసుకుంటా.”

తీసుకురావడమంటే బతిమాలడమని లాయరమ్మ అనుకుని ఉంటుంది. అమరావతి జన్మలో బతిమాలలేదు. మరునాడు కొళాయి దగ్గర ఈరమ్మ బిందె పట్టుకుంటున్నప్పుడు, గాలికి చెబుతున్నట్టుగా గట్టిగా అంది. “మిలిటరీ డాక్టర్లు రాసినారంట, పిచ్చి మా మామ తిమ్మప్ప రక్తంలోనే ఉండాదని. నాకేం లే, ఆ రక్తం నాది కాదు గదా.”

ఈరమ్మ బిందె వదిలేసింది. తిమ్మప్ప పోయి ఇరవై ఏళ్లు. బతికుండగా ఆయన్ని ఒక్కపూట కూడా ప్రశాంతంగా కూడు తిననివ్వని మనిషి, పోయాక దేవుణ్ణి చేసి గోడకి తగిలించింది. “ఎవుడు మే రాసింది? నా మొగుడు పిచ్చోడా? యాడుండాడు వాడు?”

“వాడు యాడుండాడో నాకు తెలీదు. కుప్పంలో లాయరమ్మ ఉండాది. తిమ్మప్ప తరఫున మాట్లాడేవాళ్లుంటే రమ్మన్నాది. నువ్వు పోలేవులే, మోకాళ్లు నొప్పులు.”

“నా మోకాళ్ల సంగతి నీకెందుకు? పోతాను!”

ఆ పై ఆదివారం ఇద్దరూ ఒకే బస్సులో పోయారు. ఈరమ్మ డ్రైవరు వెనక కూర్చుంది, అమరావతి ఆఖరి వరసలో. పలమనేరులో బస్సు మారినప్పుడు కూడా అంతే. కండక్టరు ఇద్దరిదీ ఒకే ఊరని ఒకే టికెట్ కొట్టబోతే, ఈరమ్మ, “ఆమె ఎవురో నాకు తెలీదు,” అంది. మధ్యాహ్నానికి తినడానికి తన సంగటి ముద్ద తనే మూట కట్టుకుని, దాన్ని ఒడిలో పెట్టుకుని, దాని మీద రెండు చేతులూ వేసుకుని కూర్చుంది.

శాలిని ఆమెను కుర్చీలో కూర్చోబెట్టి, “చెప్పవ్వా,” అంది. ఆ ఒక్క మాట చాలు ఈరమ్మకి. మొగుడి తాతల దగ్గర నుంచి మొదలుపెట్టింది. ఎవరికీ పిచ్చి లేదు, ఎవరికీ మూర్ఛ లేదు, అందరూ రాయిని పిండి చేసేవాళ్లే. శాలిని ఓపికగా రాసుకుంది.

“ఆఖరి సెలవులో మీ కొడుకు ఎట్లుండె అవ్వా?”

“బండరాయి మాదిరి ఉండె! వచ్చేటప్పుడు సన్నబడి వచ్చె. నా చేతి కూడు తిని, పోయేటప్పుడు చొక్కా బొత్తాలు పట్టలేదు.”

“అప్పుడు వంట ఎవరు చేస్తాండిరి?”

ఈరమ్మ మూలన నిలబడిన కోడలి వైపు వేలు చూపించింది. దొరికిన అవకాశాన్ని ఆమె వదిలే రకం కాదు. “ఈమె చేసిందనుకుంటివా? మొగుడు సెలవులో వస్తే పెండ్లాం ఇంట్లో ఉండాలా వద్దా? ఈమె సోమలలో కూసునింది, మొగుడికి ఒక్క పూట ఉడకేసిన పాపాన పోలేదు. వచ్చిన దినం కాడ నుంచి బస్సెక్కిన దినం దాకా నేనే వండితి, నేనే పెడితి. బిడ్డను చూసేదానికి సోమలకు పోతానంటే, పురిటింట్లో నీళ్లు గూడా తాగొద్దని చెప్పి పంపితి. నా బిడ్డ నా మాట దాటలేదు. ఈమె చేతి కూడు మెతుకు గూడా ముట్టలేదు. అట్లాంటి తల్లిని నేను. ఇది గూడా రాసుకో, రాసుకో!”

అమరావతి ఒక అడుగు ముందుకేసింది. మాట నాలుక చివరికి వచ్చేసింది. మరి ఓళిగలు? అని ఒక్క మాట అంటే చాలు, ఈరమ్మ సర్దుకుంటుంది, మాట మారుస్తుంది, పది కొత్త కథలు కడుతుంది. జీవితంలో ఏ మాటా దాచుకోని మనిషి పైటకొంగు నోట్లో కుక్కుకుని గోడకేసి తిరిగింది.

శాలిని రాసినదాన్ని తెలుగులో మెల్లగా చదివి వినిపించింది. ప్రతి వాక్యానికీ ఈరమ్మ, “ఆ! అదీ!” అంటూ తలూపింది.

“మందు సంగతి గూడా రాయి,” అంది చివర్లో. “ఇదే పెట్టింది.”

“పెడతా ఉంటే మీరు చూసినారా అవ్వా?”

“సూసేదానికేముంది, ఊరంతా తెలుసు.”

“చూసినవే రాస్తాను. చూడనివి రాస్తే రేపు చెన్నైకి పిలిచి అడుగుతారు.”

చెన్నై అనేసరికి ఈరమ్మ తగ్గింది. శాలిని పిలిపించిన నోటరీ ముందు బొటనవేలు నొక్కింది. నొక్కి, కోడలి వైపు చూసి, “నేను అబద్ధానికి ఏలు పెట్టేదాన్ని కాదు మే, నీ మాదిరి,” అంది. తిరుగు ప్రయాణంలో కూడా ఎవరి సీటు వాళ్లదే.

చెన్నైలో వాదన రోజు అమరావతి కుప్పంలో రైలెక్కి ఒక్కతే పోయింది. ఆ గదిలో ఇంగ్లీషు తప్ప ఏమీ వినబడలేదు. ఎదుటి వకీలు ఏదో అంటే శాలిని వెనక్కి తిరిగి, ఇంటి గొడవల వల్ల జబ్బు వచ్చి ఉండొచ్చు అంటున్నాడని చెప్పింది. అమరావతి లేచి నిలబడింది.

“ఇంట్లో ఉంటే గదా ఇంటి గొడవలు! ఏడాది పైన మంచులో ఉండె నా మొగుడు. ఆడ గొడవ పడేదానికి నేనుంటినా, మా అత్త ఉండెనా?”

బంట్రోతు కూర్చోమని చెయ్యి చూపించాడు. పైన కూర్చున్న పెద్దాయన ఆమె ఏమందో చెప్పమన్నాడు. శాలిని చెప్పింది. ఆయన నవ్వలేదు, ఏదో రాసుకున్నాడు.

తీర్పు రావడానికి మరి కొన్ని నెలలు పట్టింది. ఈలోపల అమరావతి పాలు వేరే క్యాన్లోనే పోశారు. బడిలో ఇంకెవరో వండారు. ఆమె చెనక్కాయ కోతలకి కూలికి పోయింది. అక్కడ కూడా ఎవరి మూట వాళ్లు దూరంగా విప్పుకున్నారు.

తీర్పు వచ్చిందని శాలిని ఫోను చేసినప్పుడు ఆమె ముందు మిద్దెక్కింది. “నీ జబ్బు డ్యూటీలో వచ్చిందని చెప్పినారు, వింటాండావా?” అని మొగుడి భుజం పట్టి ఊపింది. వెంకటముని, “డ్యూటీ మారేదానికి రిలీవరు వచ్చినాడా?” అని అడిగాడు. ఆమెకి కోపమూ దుఃఖమూ కలిసి వచ్చాయి. గెలిచింది తన పేరే గానీ ఈ మనిషి కాదు కదా. “వచ్చినాడు. పోయి పడుకో,” అంది. అతను చెప్పినట్టే పోయి పడుకున్నాడు.

తీర్పులోని ముఖ్యమైన ముక్కలని శాలిని తెలుగులో టైపు చేయించి ఇచ్చింది. అమరావతి చదవగలదు. అయినా పాలకేంద్రానికి తీసుకుపోయి, జనం నిండుగా ఉన్నప్పుడు మునిరాజ చేతిలో పెట్టింది. “నేను సదివితే కల్పించి సదివినానంటారు. నువ్వే సదువు.”

మునిరాజ చదివాడు. చేర్చుకున్నప్పుడు జబ్బు లేదు. కుటుంబంలో ఎవరికీ లేదు. కాబట్టి ఇది ఉద్యోగంలో, ఆ కఠినమైన కొండల్లో వచ్చిన జబ్బే, దానికి తగిన పెన్షన్ ఇవ్వాలి. అక్కడిదాకా గొంతు గట్టిగానే ఉంది. ఆ తర్వాతి ముక్కకి వచ్చేసరికి తగ్గింది.

“గట్టిగా సదువు మునిరాజా, ఎనక ఉండేవాళ్లకి ఇనపడలేదు.”

“తల్లి ఈరమ్మ ప్రమాణం చేసి చెప్పిన ప్రకారం,” అని చదివాడు మునిరాజ, “ఆఖరి సెలవులో అతను తల్లి చేతి వంట తప్ప వేరెవ్వరి చేతి కూడూ తినలేదు. భార్య ఆ కాలమంతా పుట్టింట్లోనే ఉంది. ఆరోగ్యంగా తిరిగి వెళ్లాడు.”

వరసలో చివర నిలబడిన ముసలి మారెమ్మకి ఎవరి మీదా ప్రేమా లేదు, పగా లేదు. ఆమెకి నిజంగానే అనుమానం వచ్చింది. “మరి ఆ ఓళిగలు ఎవురు కాల్సిరి ఈరమ్మా?” అంది.

ఈరమ్మ నోరు తెరిచింది. “అట్ల నేనెప్పుడు సెప్తిని?”

“నీ ఏలిముద్ర ఉండాదిమా,” అన్నాడు మునిరాజ. అతని మొహం మాడిపోయింది. వేరే క్యాను, పక్కకి జరిగిన వరస, వదిన మొహం చూడకుండా గడిపిన అన్ని పొద్దులూ ఒక్కసారిగా గుర్తొచ్చి ఉంటాయి. ముద్దుకృష్ణ మెల్లగా మోటారుబైకు దగ్గరికి నడిచాడు. ఈరమ్మ ఎవరి వైపూ చూడకుండా ఇంటికి పోయి అరుగు మీద కూర్చుంది. ఆ రోజు ఆమె పొయ్యి వెలిగించలేదు. మునిరాజ పెళ్లాం నాగరత్నమ్మ పిలిస్తే తినలేదు.

సాయంత్రం దాకా అమరావతి చూసింది. జాలితో కాదు. పదేళ్ల ఉక్రోషం లోపల ఉడుకుతోంది. రాగి సంగటి కెలికి, చెనక్కాయల ఊరిబిండి పచ్చడి నూరి, కంచంలో పెట్టుకుని, గోడ దాటి పోయి, వీధిలో వచ్చేపోయే జనం అందరికీ కనబడేలా అత్త ముందు పెట్టింది.

“తిను.”

ఈరమ్మ తల ఎత్తలేదు.

“నీ ఏలిముద్ర నిజమైతే నేను మందు పెట్టలేదు, నా చేతి కూడు తిను. నేను మందు పెట్టింది నిజమైతే నీ ఏలిముద్ర అబద్ధం. లే, కాణిపాకం పోదాం. వినాయకుడి ముందర తడిగుడ్డలతో ప్రమాణం సేద్దువు. ఏది నిజమో ఆడ సెప్పు.”

వీధిలో నలుగురు ఆగారు. ఈరమ్మ ఆ నలుగురినీ చూసింది, కంచాన్ని చూసింది. కాణిపాకంలో అబద్ధపు ప్రమాణం చేసినవాళ్లు ఏమవుతారో ఆ జిల్లాలో ఎవరూ చెప్పనక్కర్లేదు. చెయ్యి చాచి, ముద్ద తుంచి, ఊరిబిండిలో అద్దుకుని నోట్లో పెట్టుకుంది. నమిలింది. మింగింది. ఇంకో ముద్ద తీసుకుంది. చూస్తున్నవాళ్లు ఒక్కొక్కరే నడిచి పోయారు. సగం కంచం ఖాళీ అయ్యాక మొహం చిట్లించింది.

“ఉప్పు సాల్లేదు. ఇన్నేండ్లు సంసారం సేసినావు, ఉప్పు తెలీదా మే నీకు?”

ఉప్పు తక్కువైందని చెప్పాలంటే నోట్లో పెట్టుకోవాలి. అమరావతికి కళ్లు మండాయి. ఏడిస్తే ఈ ముసలిది చూస్తుందని గబగబా లోపలికి పోయి, ఉప్పు డబ్బా తెచ్చి కంచం పక్కన ఠపీమని పెట్టింది.

“ఎంత కావాల్నో నువ్వే ఏసుకో. నేనేస్తే, ఏందో కలిపినానని మల్లా ఊరంతా దండోరా ఏస్తావు.”

ఈరమ్మ డబ్బా ముట్టలేదు. ఎంగిలి చెయ్యి పైకెత్తి పట్టుకుని, రెండో చేత్తో కంచాన్ని కోడలి వైపు తోసింది.

“నా సేతులు ఎంగిలి,” అంది. “నువ్వే ఎయ్యి.”

అమరావతి వేసింది. కొంచెం ఎక్కువే పడింది.